ఎర్రటి ‘ఏ’ అక్షరం: పాపం, అపరాధ భావన, సంఘం వేసే ముద్ర



అమెరికన్ సాహిత్యం గురించి చదివేటప్పుడు తప్పకుండా ఎదురయ్యే నవల ‘ది స్కార్లెట్ లెటర్’. రచయిత నథానియల్ హాథార్న్. 1850 మార్చిలో ఈ నవల వెలువడింది. మొదట అచ్చువేసిన 2,500 ప్రతులు పది రోజులలోనే అమ్ముడుపోయాయి. పాపం, అపరాధ భావన, సంఘం తీర్పు అనే మూడు విషయాలు ఈ నవలలో ఎలా పెనవేసుకున్నాయో, ఆ మూడింటినీ విడదీసి చూడవలసిన అవసరం ఏమిటో ఈ పాఠంలో తెలుసుకుందాం.

ఎప్పుడో పదిహేడో శతాబ్దంలో, ఎక్కడో బోస్టన్ పట్టణంలో జరిగిన కథతో మనకేం పని అని మీకు అనిపించవచ్చు. పాఠం చివరి భాగంలో మనం రాయపూర్‌కు వస్తాం. మనిషి మీద ముద్ర వేయడం గురించి ఛత్తీస్‌గఢ్ రాష్ట్రం 2005లో ఒక చట్టం చేసింది. హాథార్న్ నవలలోని ప్రశ్ననే ఆ చట్టం మరో విధంగా అడిగింది. ముందుగా కథ చూద్దాం.

కథా సంగ్రహం

కథాకాలం సుమారు 1642 నుంచి 1649 వరకు. అప్పటి బోస్టన్‌లో ప్యూరిటన్లు అనే నిష్ఠాపరులైన క్రైస్తవుల పాలన సాగుతోంది. వారికి మతశాసనమే రాజశాసనం. హెస్టర్ ప్రిన్ అనే యువతి మూడు నెలల బిడ్డను చంకనెత్తుకుని చెరసాల నుంచి బయటకు రావడంతో అసలు కథ మొదలవుతుంది. ఆమె భర్త రెండేళ్ళుగా కనిపించడం లేదు. బిడ్డకు తండ్రి ఎవరో ఆమె చెప్పదు. అందుకు పెద్దలు విధించిన శిక్ష రెండు భాగాలు. మొదటిది, మూడు గంటల సేపు అందరి ఎదుటా శిక్షావేదిక మీద నిలబడటం. రెండవది, బ్రతికినంత కాలం రొమ్ము మీద ఎర్రటి ‘ఏ’ అక్షరం ధరించడం. ఇంగ్లీషులో వ్యభిచారం అనే మాటకు మొదటి అక్షరం అది. విశేషమేమిటంటే, ఆ మాట నవల మొత్తంలో ఒక్కచోట కూడా కనిపించదు. ఆ మాటకు ఉన్న బరువంతా ఒక్క అక్షరమే మోస్తుంది.

ఆ బిడ్డకు తండ్రి ఆర్థర్ డిమ్స్‌డేల్. అతడు ఊరంతా గౌరవించే యువ మతబోధకుడు. హెస్టర్ వేదిక మీద నిలబడి ఉండగా, తండ్రి పేరు చెప్పమని ఆమెను ఒప్పించే పని అతడికే పడుతుంది. అతడు అడుగుతాడు, ఆమె చెప్పదు. జనంలో నిలబడి ఇదంతా చూస్తున్న మరొక మనిషి ఆమె భర్త. చాలాకాలం స్థానిక తెగల చెరలో ఉండి, సరిగ్గా ఆ రోజే ఊరు చేరాడు. అసలు పేరు దాచి రోజర్ చిల్లింగ్‌వర్త్ అనే వైద్యుడిగా అక్కడే స్థిరపడతాడు. డిమ్స్‌డేల్‌కు వైద్యం చేస్తున్న నెపంతో అతడి ఇంట్లోనే చేరి, అతడి రహస్యాన్ని కొద్దికొద్దిగా తవ్వుతాడు.

ఏడేళ్ళు గడుస్తాయి. హెస్టర్ ఊరి చివర సముద్రపు ఒడ్డున ఒక చిన్న ఇంట్లో ఉంటూ, కుట్టుపని చేసి కూతురు పెర్ల్‌ను పెంచుతుంది. డిమ్స్‌డేల్ లోలోపల కుమిలిపోయి క్షీణిస్తాడు. అడవిలో ఇద్దరూ కలుసుకుని, ఐరోపాకు పారిపోవాలని అనుకుంటారు. అయితే కొత్త గవర్నరు పదవి స్వీకరించే పండుగ రోజున డిమ్స్‌డేల్ గొప్ప ప్రసంగం చేసి, ఆ వెంటనే హెస్టర్‌నూ పెర్ల్‌నూ పిలిచి, వారితో కలిసి అదే శిక్షావేదిక ఎక్కి, నిజం చెప్పి అక్కడే ప్రాణం విడుస్తాడు. పగకు ఆధారమైన మనిషి పోవడంతో చిల్లింగ్‌వర్త్ కూడా ఏడాది తిరగక ముందే మరణిస్తాడు.

పాపం, నేరం, అపరాధ భావన, నింద

ఈ నవలను అర్థం చేసుకోవాలంటే నాలుగు మాటలను వేరుచేసి చూడాలి. పాపం దేవుడికీ ధర్మానికీ సంబంధించినది. నేరం రాజ్యానికీ చట్టానికీ సంబంధించినది. అపరాధ భావన మనిషి మనసుకు సంబంధించినది. మరొకరికి తెలియకపోయినా అది ఉంటుంది. నింద ఊరికి సంబంధించినది. మనం ఏ తప్పూ చేయకపోయినా అది మన మీద పడవచ్చు.

హాథార్న్ చిత్రించిన బోస్టన్‌లో ఈ నాలుగింటికీ మధ్య గోడలు లేవు. చర్చి పెద్దలూ న్యాయాధికారులూ ఒకే మేడ మీద కూర్చుని హెస్టర్‌ను విచారిస్తారు. సంతలో గుమిగూడిన స్త్రీలు ఆ శిక్ష చాలదంటారు. నుదుట వాత పెట్టాలని ఒకరు, చంపేయాలని ఇంకొకరు తీర్పులిస్తారు. వారిలో ఒక్క యువతి మాత్రం, అక్షరాన్ని దాచుకోగలదేమో గాని దాని బాధను దాచుకోలేదు కదా అని జాలిపడుతుంది. న్యాయస్థానం ఇచ్చిన తీర్పు వీధిలోకి వచ్చేసరికి ఎలా పెరిగిపోతుందో రచయిత ఈ ఒక్క సన్నివేశంలో చూపించాడు.

ఇది పూర్తిగా కల్పన కాదు. ఇలాంటి తప్పుకు బట్టల మీద రెండు అంగుళాల ‘ఏ’ అక్షరాన్ని కుట్టుకుని తిరగాలని 1694లో మసాచుసెట్స్‌లో నిజంగానే చట్టం చేశారు.

ముగ్గురు మనుషులు, మూడు దారులు

పరీక్షలలో తరచుగా ఒక ప్రశ్న వస్తుంది: ఈ ముగ్గురిలో ఎక్కువ పాపం చేసినవారు ఎవరు? జవాబు రాసే ముందు ఒక్కొక్కరినీ పరిశీలిద్దాం.

హెస్టర్ తప్పు బయటపడింది. దాచడానికి ఇక ఏమీ మిగలలేదు. ఆమె ఆ అక్షరాన్ని బంగారు దారంతో అందంగా కుట్టుకుంది. శిక్షగా ఇచ్చిన గుర్తులో తన చేతి పనితనాన్ని కలిపింది. ఆ ఊరు ఆమెను వెలివేసినా ఆమె సూదిని వెలివేయలేకపోయింది. గవర్నరు దుస్తులూ, పసిపిల్లల టోపీలూ, శవాల మీద కప్పే వస్త్రాలూ ఆమె కుట్టినవే. పెళ్ళికూతురి మేలిముసుగు మాత్రం ఆమె చేత కుట్టించలేదు. మనిషి పని కావాలి, మనిషి వద్దు. సంఘం వేసే వెలి సాధారణంగా ఇంత లెక్కగానే ఉంటుంది. ఆమె రోగులకు సేవ చేసింది, తనను తిట్టిన పేదలకే అన్నం పెట్టింది. కొన్నేళ్ళకు ఊరివాళ్ళే ఆ అక్షరానికి ‘సమర్థురాలు’ అనే కొత్త అర్థం చెప్పుకోసాగారు. ఇంగ్లీషులో ఆ మాట కూడా ‘ఏ’ తోనే మొదలవుతుంది.

డిమ్స్‌డేల్ తప్పు బయటపడలేదు. అందుకే అతడి శిక్ష ఎక్కువైంది. రాత్రులు జాగారం చేస్తాడు, ఉపవాసాలు ఉంటాడు, తలుపులు మూసుకుని కొరడాతో తనను తానే కొట్టుకుంటాడు. ప్రార్థనా వేదిక మీద నిలబడి, తాను పాపులలోకెల్లా పాపినని చెబుతాడు. వినేవాళ్ళు, ఇంత పవిత్రుడే ఇలా అనుకుంటే మన గతేమిటని అతడిని మరింత పూజిస్తారు. నిజాన్ని అబద్ధంలా వినిపించేటట్లు చెప్పడం కూడా అబద్ధమేనని అతడికి తెలుసు. ఒక అర్ధరాత్రి ఎవరూ చూడని వేళ శిక్షావేదిక ఎక్కుతాడు. చీకటిలో చేసిన ఒప్పుకోలు అతడికి ఊరట ఇవ్వదు. ఆ రాత్రి ఆకాశంలో ఒక ఉల్క వెలుగు ‘ఏ’ ఆకారంలో కనిపిస్తుంది. అతడు దాన్ని తన పాపానికి గుర్తుగా చూస్తాడు. ఊరి జనం మాత్రం, అదే రాత్రి మరణించిన గవర్నరు విన్‌త్రాప్ దేవదూత అయ్యాడనడానికి గుర్తుగా చెప్పుకుంటారు. అక్షరం ఒక్కటే, చూసేవారి మనసును బట్టి అర్థం మారింది.

మూడవవాడు చిల్లింగ్‌వర్త్. మొదట అతడు అన్యాయానికి గురైనవాడే. అతడిది న్యాయమైన కోపమే అని పాఠకుడికి అనిపిస్తుంది. కాని అతడు శిక్షించే పనిని తన చేతిలోకి తీసుకున్నాడు. వైద్యుడి వేషంలో ఒక మనిషి హృదయంలోకి దొంగచాటుగా చొరబడి, ఏడేళ్ళ పాటు ఆ బాధను చూసి ఆనందించాడు. తమ ఇద్దరి పాపం కన్నా ఈ ముసలివాడి పగ నల్లనిదని అడవిలో డిమ్స్‌డేల్ హెస్టర్‌తో అంటాడు. నవల నడక కూడా ఈ మాటనే బలపరుస్తుంది.

కాబట్టి పరీక్షలోని ప్రశ్నకు జవాబు ఒక పేరు రాసి ముగించేది కాదు. ఊరి తీర్పు కొలిచింది హెస్టర్‌ను ఒక్కదాన్నే. లోపల ఎక్కువ కాలిపోయినవాడికి గౌరవం దక్కింది. లోపల ఎక్కువ చెడిపోయినవాడు మంచి వైద్యుడనిపించుకున్నాడు. సంఘం చేతిలోని కొలబద్ద పైకి కనిపించేదాన్నే కొలుస్తుంది. ఈ పాఠంలో మీరు ముఖ్యంగా గుర్తుంచుకోవలసిన విషయం ఇదే.

మూడు వేదిక దృశ్యాలు

ఈ నవలకు వెన్నెముక మూడు శిక్షావేదిక దృశ్యాలు. ఆరంభంలో పట్టపగలు, హెస్టర్ ఒక్కతే బిడ్డతో నిలబడుతుంది. మధ్యలో అర్ధరాత్రి, ముగ్గురూ చేతులు పట్టుకుని నిలబడతారు, చూసే జనం లేరు. చివర మళ్ళీ పట్టపగలు, జనమందరి ఎదుటా ముగ్గురూ నిలబడతారు. ‘రేపు పట్టపగలు మా ఇద్దరి చేయీ పట్టుకుని ఇక్కడ నిలబడతావా’ అన్న భావంతో పెర్ల్ ఆ రాత్రి వేసిన ప్రశ్నకు చివరి దృశ్యమే జవాబు. పెద్దలెవరూ అడగని ప్రశ్నను ఒక పసిపిల్ల అడిగింది.

చివరి దృశ్యంలో డిమ్స్‌డేల్ తన రొమ్ము మీది వస్త్రాన్ని తొలగిస్తాడు. అక్కడ ఒక అక్షరం కనిపించిందని కొందరు, ఏమీ లేదని కొందరు తరువాత చెబుతారు. తమ బోధకుడిలో మచ్చ చూడటం ఇష్టం లేనివారికి మచ్చ కనిపించలేదు. హెస్టర్ మీద అక్షరాన్ని చూడటానికి ఊరంతా తరలివచ్చింది. డిమ్స్‌డేల్ మీద అక్షరాన్ని చూసేసరికి కళ్ళు మసకబారాయి. మన గురజాడ ‘కన్యాశుల్కం’లోనూ ఇదే అసమానత కనిపిస్తుంది. వితంతువైన మీనాక్షి బ్రతుకు అల్లరిపాలవుతుంది. రామప్పపంతులు పెద్దమనిషిగానే చెలామణి అవుతాడు.

రచయిత ఈ కథ ఎందుకు రాశాడు?

హాథార్న్ 1804 జూలై 4న మసాచుసెట్స్‌లోని సేలం పట్టణంలో జన్మించాడు. 1692లో ఆ పట్టణంలో మంత్రగత్తెల విచారణలు జరిగాయి. నూట యాభై మందికి పైగా నిందితులయ్యారు. పందొమ్మిది మందిని ఉరితీశారు. వారిలో పద్నాలుగు మంది స్త్రీలు. నేరం ఒప్పుకోవడానికో కాదనడానికో నోరు విప్పని జైల్స్ కోరీ అనే వృద్ధుడి మీద బండలు మోపి చంపారు. ఆ విచారణలు జరిపిన న్యాయాధికారులలో ఒకరైన జాన్ హాథార్న్ మన రచయితకు ముత్తాత తండ్రి. ఆయనతో కలిసి తీర్పులిచ్చిన శామ్యూల్ సీవల్ 1697లో చర్చిలో అందరి ఎదుటా లేచి నిలబడి తన తప్పును ఒప్పుకున్నాడు. జాన్ హాథార్న్ మాత్రం అలా ఒప్పుకోలేదు.

నథానియల్ యువకుడిగా ఉన్నప్పుడే ఇంటిపేరులో ఒక అక్షరం కలుపుకున్నాడు. ఆ పూర్వీకుడికి దూరం జరగాలన్న కోరికే అందుకు కారణమని చాలామంది భావిస్తారు. 1849లో సేలం కస్టమ్స్ కార్యాలయంలో ఉద్యోగం పోయింది. అదే ఏడాది తల్లి మరణించింది. ఆ తరువాత ఈ నవల రాశాడు. పూర్వీకుల తరఫున ఆ సిగ్గును తాను స్వీకరిస్తున్నానని ముందు భాగంలో చెప్పుకున్నాడు. నిందితురాలి వైపు నిలబడి కథ చెప్పినవాడు న్యాయాధికారి వంశంలో పుట్టినవాడే. నవలలో మంత్రగత్తెగా కనిపించే హిబ్బిన్స్ కూడా చరిత్రలోని మనిషే. ఆన్ హిబ్బిన్స్‌ను 1656లో బోస్టన్‌లో ఉరితీశారు. అంటే ఎర్ర అక్షరం కథ వెనుక మంత్రగత్తె అనే మరో ముద్ర కథ దాగి ఉంది. ఆ రెండవ ముద్రే మనల్ని రాయపూర్‌కు తీసుకువస్తుంది.

ఛత్తీస్‌గఢ్‌లో ‘టోనహీ’ అనే ముద్ర

తెలుగు పల్లెలలో చేతబడి, బాణామతి అనే మాటలు మీరు వినే ఉంటారు. ఛత్తీస్‌గఢ్ గ్రామాలలో అలాంటి శక్తులున్నాయని అనుమానించిన స్త్రీని టోనహీ అంటారు. శ్రావణ మాసంలో వచ్చే హరేలీ అమావాస్య నాడు ఇళ్ళ గుమ్మాలకు వేపకొమ్మలు కట్టే ఆచారం ఉంది. ఆ రాత్రి టోనహీలు తిరుగుతారనే భయం కూడా చాలాకాలంగా ఉంది. పిల్లవాడికి జ్వరం తగ్గకపోయినా, పశువు చచ్చిపోయినా, పంట పోయినా ఎవరో ఒకరి మీద వేలు చూపించడం జరుగుతుంది. ఆ వేలు ఎక్కువగా వితంతువుల వైపు, ఒంటరి స్త్రీల వైపు, కాస్త పొలం ఉండి అండ లేనివారి వైపు తిరుగుతుంది.

2001లో, అప్పటి రాయపూర్ జిల్లాలోని లచ్‌కేరా గ్రామంలో ముగ్గురు స్త్రీలను టోనహీలని ముద్రవేసి క్రూరంగా హింసించారు. రాష్ట్రం ఏర్పడి అప్పటికి ఏడాది అటూఇటూ. బీహార్ 1999లో, జార్ఖండ్ 2001లో ఇలాంటి హింసకు వ్యతిరేకంగా చట్టాలు తెచ్చాయి. ఛత్తీస్‌గఢ్ 2005లో టోనహీ ప్రతాడన నివారణ చట్టాన్ని చేసింది. ‘ప్రతాడన’ అంటే వేధింపు. ఒక వ్యక్తిని టోనహీ అని గుర్తించి చెప్పినా మూడేళ్ళ దాకా కఠిన కారాగార శిక్ష పడుతుంది. ఆ పేరుతో శారీరకంగా గాని మానసికంగా గాని హింసిస్తే ఐదేళ్ళ దాకా పడుతుంది. మంత్రాలతో, తంత్రాలతో ఆ బాధ వదిలిస్తానని చెప్పేవాడికి కూడా ఐదేళ్ళ దాకా శిక్ష ఉంది.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. బోస్టన్‌లో చట్టం ముద్ర వేసింది. రాయపూర్‌లో కూర్చున్న శాసనసభ ముద్ర వేయడాన్నే నేరం చేసింది. వేలు చూపినవాడిని బోనులో నిలబెట్టింది.

ఈ పోలికకు ఒక హద్దు ఉంది. హెస్టర్ మీద వచ్చిన ఆరోపణలోని సంగతి నిజంగా జరిగింది. టోనహీ అనే ఆరోపణ అసలు జరగడానికే వీలులేనిది. ఒకటి చేసిన పనికి వేసిన ముద్ర, రెండవది లేని పనికి వేసిన ముద్ర. అయినా ముద్ర పనిచేసే తీరు రెండుచోట్లా ఒకటే. మొదట మనిషి పేరు పోయి గుర్తు మిగులుతుంది. తరువాత ఆ గుర్తు పిల్లలకు కూడా అంటుకుంటుంది. బోస్టన్ పిల్లలు పెర్ల్‌ను బురదతో కొట్టడానికి సిద్ధపడినట్లే. చివరకు నిందించేవారంతా ఒక్కటై, తాము మంచివాళ్ళమనే తృప్తి పొందుతారు.

నిప్పూ నీళ్ళూ

ముద్ర వెంట వచ్చేది వెలి. ఛత్తీస్‌గఢ్‌లో వెలివేయడాన్ని హుక్కా, పానీ బంద్ చేయడం అంటారు. తెలుగులో నిప్పూ నీళ్ళూ పుట్టనివ్వకపోవడం అంటాం. రెండు భాషలూ ఒకే కష్టాన్ని చెబుతున్నాయి.

1881 డిసెంబరు 11న రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం మొదటి వితంతు వివాహం జరిపించినప్పుడు ఈ వెలి స్వరూపం బయటపడింది. వంటవాళ్ళూ పనివాళ్ళూ రావడం మానేశారు. ఆయన భార్య రాజ్యలక్ష్మమ్మ గోదావరి నుంచి స్వయంగా నీళ్ళు మోసి, వంటలు చేసింది. ఆనాటి పెద్దల దృష్టిలో అది పాపం. అప్పటికి పాతికేళ్ళ ముందే, 1856లో చట్టం ఆ వివాహాలను అంగీకరించింది. ఈనాడు ఆ దంపతులను మనం గౌరవంగా తలుచుకుంటాం. కాలం మారితే ఊరి తీర్పు మారుతుందని హెస్టర్ అక్షరం విషయంలో చూశాం. రాజమండ్రిలోనూ అదే జరిగింది.

హెస్టర్ మీద మోపిన తప్పు విషయంలో మన దేశ చట్టం కూడా మారింది. భారత శిక్షాస్మృతి 497వ సెక్షన్‌ను సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 27న కొట్టివేసింది. వివాహేతర సంబంధం విడాకులకు కారణం కావచ్చు గాని, నేరం కాదని తీర్పు చెప్పింది. దాంపత్యంలో నమ్మకాన్ని చెడగొట్టడం మంచిదని న్యాయస్థానం అనలేదు. తప్పు వేరు, నేరం వేరు అని చెప్పింది. ప్యూరిటన్లు కలిపివేసిన గోడను ఈ తీర్పు మళ్ళీ కట్టింది.

చట్టం చేయలేనిది

చట్టం ముద్ర వేసే చేతిని పట్టుకోగలదు. ముద్ర వేయాలన్న కోరికను మనసులోంచి తీసివేయలేదు. 2005 తరువాత కూడా టోనహీ పేరుతో హింస జరిగిన వార్తలు వస్తూనే ఉన్నాయి. అందుకే రాయపూర్‌కు చెందిన నేత్రవైద్యుడు డాక్టర్ దినేశ్ మిశ్రా వంటివారు ఊరూరా తిరిగి, ఏ స్త్రీ కూడా టోనహీ కాదని ప్రచారం చేస్తూ వచ్చారు. జ్వరానికి కారణం దోమ అని తెలిసిన ఊరిలో వేలు పొరుగింటి ముసలమ్మ వైపు తిరగదు. చదువుకున్న విద్యార్థి చేయగల పని ఇక్కడే ఉంది.

నవల చివరిలో హెస్టర్ చాలా ఏళ్ళకు మళ్ళీ బోస్టన్‌కు వస్తుంది. ఎవరూ బలవంతపెట్టకపోయినా ఆ అక్షరాన్ని తిరిగి ధరిస్తుంది. మనసు గాయపడిన స్త్రీలు ఆమె గుడిసెకు వచ్చి కష్టాలు చెప్పుకుంటారు. తీర్పు చెప్పనివారి దగ్గరకే మనుషులు తమ తప్పులు చెప్పుకోవడానికి వస్తారు. డిమ్స్‌డేల్‌కు ఏడేళ్ళ పాటు దొరకనిది అటువంటి ఒక్క గుమ్మమే.

గుర్తుంచుకోవలసిన అంశాలు

1. పాపం, నేరం, అపరాధ భావన, నింద ఒకటి కావు. నవలలోని విషాదానికి మూలం ఈ నాలుగింటినీ కలిపివేయడం.
2. దాచిన తప్పు డిమ్స్‌డేల్‌ను లోపల తినివేసింది. బయటపడిన తప్పు హెస్టర్‌ను కష్టపెట్టినా నిలబెట్టింది.
3. అన్యాయానికి గురైనవాడు కూడా పగ వల్ల అందరికన్నా పెద్ద పాపి కావచ్చు.
4. అక్షరం అర్థం చూసేవారిని బట్టి, కాలాన్ని బట్టి మారుతుంది.
5. ఛత్తీస్‌గఢ్ 2005 చట్టం ముద్ర వేసేవారినే నేరస్థులుగా గుర్తించింది.

ఆలోచించి రాయండి

1. డిమ్స్‌డేల్ మొదటి రోజే నిజం చెప్పి ఉంటే హెస్టర్ శిక్ష తగ్గేదా? మీ జవాబుకు నవల నుంచి ఆధారాలు చూపండి.
2. పెర్ల్ అడవిలో, తల్లి ఆ అక్షరాన్ని తిరిగి పెట్టుకునేదాకా దగ్గరకు రాలేదు. ఎందుకని మీరు భావిస్తున్నారు?
3. మీ ఊరిలో గాని, తరగతిలో గాని ఒకరికి తగిలించిన పేరు వారి అసలు పేరును మరిపించిన సందర్భం ఉందా? ఆ పేరు ఎలా మొదలైంది? దాన్ని ఆపగలిగినవారు ఎవరు?